పెన్సిల్ సున్నాలు

బస్ డిపోలో డ్యూటీలు వేసే గది, మధ్యాహ్నం భోజనాల వేళ. బల్లకు అటు డ్యూటీ గుమాస్తా, ఇటు అతని భార్య. ఇంటి ముందుగదిలో మిషను పెట్టుకుని బట్టలు కుట్టే ఆమె, పెళ్లయిన పద్నాలుగేళ్లలో ఈ గదిలోకి రావడం ఇది రెండోసారి.

"తేదీ చెప్పడానికి ఇంత దూరం రావాలా? ఫోన్లో ఒక్క ముక్క చెబితే రాసుకునేవాణ్ణి కదా."

"ఒక్క ముక్కలో అయ్యేది కాదు లెండి."

"ముందు కూర్చో. ఆ కుర్చీ వద్దు, దాని కాలు ఊగుతుంది. ఇది లాక్కో. ఆఁ, చెప్పు. ఎప్పుడొచ్చింది? నిన్నా, ఇవాళా?"

"భోంచేశారా?"

"చేశాను, డబ్బా కూడా కడిగేశాను. పది రోజులు దాటింది, ఇది ఇంకా చెప్పదేంటా అని నేనిక్కడ కూర్చున్న చోట కూర్చోలేకపోతున్నా. పోయిన నెలేమో వారం ముందే వచ్చిందన్నావు, ఈ నెలేమో ఇంత ఆలస్యం. వయసు మీద పడుతుంటే అటూ ఇటూ అవుతుందంటారులే. వచ్చేసిందిగా?"

"వచ్చేసిందంటే మీకు సంతోషమా?"

"సంతోషమేంటి? ఎప్పుడైనా పాపం అనే కదా అంటాను. ఈ నెలా కడుపు రాలేదే అని."

"అంటారు. పాపం అంటారు, తేదీ రాసుకుంటారు, ఆ పూట మారు అన్నం పెట్టించుకుంటారు."

"నా అన్నం ఎందుకొచ్చింది ఇప్పుడు?"

"ఊరికే. గుర్తొచ్చింది. ఇది చూడండి."

"చార్టు. గోడ మీంచి ఎందుకు పీకావు? మేకు ఉన్న చోట చిరిగిపోయింది చూడు."

"చిరిగితే చిరిగింది. ఈ సున్నాలు ఎవరు చుట్టారు?"

"నేనే."

"ఈ ఇంటూలు?"

"నేనే. ఎవరు చుడతారు మరి, పక్కింటాయనా? ఏమైంది నీకు?"

"సున్నా అంటే ఏంటి, ఇంటూ అంటే ఏంటి, ఒక్కసారి చెప్పండి."

"ఏడాది నుంచి చూస్తున్నావు, నీకు తెలియదా?"

"మీ నోటి నుంచి వినాలని ఉంది."

"కాస్త మెల్లగా మాట్లాడు. కిటికీ తెరిచి ఉంది, పక్క గదిలో టిక్కెట్ల వాళ్లున్నారు. సున్నా అంటే ఆడపిల్లకి అనువైన రోజు. ఇంటూ రోజుల్లో అయితే మగపిల్లాడవుతాడు. మనకి ఇద్దరూ మగపిల్లలే. మూడోది ఆడపిల్ల కావాలన్నావు. అందుకని ఇంటూల్లో దూరంగా ఉండటం, సున్నాల్లో దగ్గరగా ఉండటం. అంతే కదా."

"నెల మధ్యలో అన్నీ ఇంటూలు. చివర్లో తొమ్మిదో పదో సున్నాలు."

"పుస్తకంలో అలాగే ఉంది."

"పదకొండు నెలలు అలాగే ఉంది."

"దేవుడు ఇవ్వాలిగా. మన చేతిలో ఉన్నది మనం చేస్తున్నాం."

"మన చేతిలో. మన కాదు, మీ చేతిలో పెన్సిల్ ఉంది. నా చేతిలో ఏముంది? నెలనెలా తేదీ చెప్పడమే నా పని."

"ఎవరో ఏదో అన్నారు నీతో. మా అక్క ఫోన్ చేసిందా?"

"మీ అక్కెందుకు చేస్తుంది?"

"చేయలేదా? అయితే సరే. ఊరికే అడిగా."

"ఆసుపత్రి నర్సమ్మ యూనిఫాం కుట్టించుకోవడానికి వచ్చింది. చేతులు పైకెత్తమని ఛాతీ కొలత తీసుకుంటుంటే గోడ మీద ఈ చార్టు చూసి నవ్వింది. ఎవరమ్మా ఇంత నీటుగా గీసింది, మా వార్డులో అంటించుకోవచ్చు అంది. మావారు అన్నాను. గొప్పగా అన్నాను."

"ఊఁ."

"అదృష్టవంతురాలివి అంది. పిల్లలొద్దనుకుంటే ఆ జాగ్రత్తంతా ఆడదాని నెత్తిన పడేసే మగాళ్లే ఎక్కువ, మీ ఆయన చూడు, కడుపు రాకుండా ఒక్కో రోజూ లెక్కేసి పెట్టాడు అంది. టేపు నా చేతిలోంచి జారిపోయింది. అలా కాదమ్మా, ఇది ఆడపిల్ల కోసం అన్నాను. ఆవిడ ఇంకా నవ్వింది. ఆడపిల్లో మగపిల్లాడో తేదీల్ని బట్టి ఎవరూ చెప్పలేరు, అదంతా ఉత్త మాట, కానీ ఈ సున్నాల్లో మాత్రం ఏ పిల్లా పుట్టదు, పుట్టేదంతా ఆ ఇంటూల్లోనే అంది. మాట్లాడరేం?"

"నర్సులు అన్నీ తెలిసినట్టే మాట్లాడతారు. నిన్నగాక మొన్న వచ్చిన మనిషి మాట పట్టుకుని..."

"ఇరవై ఏళ్లుగా పురుళ్లు పోస్తోందట."

"పోయనీ. మనిషికీ మనిషికీ తేడా ఉంటుంది. అందరి ఒంటి తీరు ఒకలా ఉండదు. పుస్తకంలో..."

"నీళ్లు నమలకండి."

"నమలట్లేదు. నేను చెప్పేది..."

"సార్."

"ఎవరూ? ఓ, నువ్వా బాబాయ్. తర్వాత రా, భోజనాల టైము."

"ఒక్క నిమిషం సార్. నమస్కారం అమ్మా, మీరు ఉన్నారని తెలియదు. సార్, ఈ వారం కూడా నాకు కొండదారి బస్సు వేయలేదు. ఇరవై రెండేళ్లు ఆ మలుపుల్లోనే తోలాను. మూడు నెలలుగా ఊళ్లో తిరిగే బస్సే ఇస్తున్నారు. నావల్ల ఏదన్నా తప్పు జరిగిందా?"

"తప్పేం లేదు బాబాయ్. కొత్త రూలు. కొండదారి ఇకమీదట కుర్ర డ్రైవర్లకే వేయమన్నారు పైనుంచి."

"కాగితం వచ్చిందా సార్?"

"వచ్చింది. బీరువాలో ఎక్కడో ఉంది. తర్వాత చూపిస్తా."

"చూపించక్కర్లేదు సార్. మీరు చెప్పాక ఇంక కాగితం ఎందుకు. వస్తానమ్మా."

"తలుపు దగ్గరగా వేసి వెళ్లు బాబాయ్... ఏంటి, నువ్వలా చూస్తున్నావు?"

"ఆ కాగితం నిజంగా వచ్చిందా?"

"ఏ కాగితం?"

"ఆయనకి చెప్పింది."

"రాలేదు. అది వేరే సంగతి. ఆయనకి చూపు తగ్గింది. మొన్నామధ్య మలుపులో బస్సు గోడకి గీరుకుంది. మొహం మీదే చూపు తగ్గింది అంటే కుంగిపోతాడు, పాపం పెద్దవాడు. అందుకని ఏమీ అనకుండా చార్టులోనే సర్దేశాను."

"చార్టులో సర్దేశారు."

"ఈ కుర్చీలో కూర్చుంటే అలాగే చేయాలి. ఎవరికి ఏ డ్యూటీ ఎందుకు వేశామో చెబుతూ కూర్చుంటే ఒక్క బస్సూ బయటికి పోదు."

"చెబితే కళ్లజోడు పెట్టించుకునేవాడు కదండీ. కొండ మీంచి దింపి ఊళ్లోకి తోలారు. ఊళ్లో రోడ్డు దాటేవాళ్లు మనుషులు కారా?"

"దానికీ దీనికీ ముడి పెట్టకు."

"నేను పెట్టలేదు. అదే పడింది. పుస్తకం అన్నారు ఇందాక."

"ఏ పుస్తకం?"

"గోధుమరంగు అట్ట వేసి, దేవుడి పుస్తకంలా తలగడ కింద పెట్టుకుని, కళ్లజోడు పెట్టుకుని మరీ నాకు చదివి వినిపించేవారు చూడండి. ఆడపిల్ల పుట్టాలంటే పాటించాల్సిన పద్ధతులు, మూడో అధ్యాయం."

"ఆఁ. అదే."

"సంచిలో తెచ్చాను. ఇదిగోండి. చదవండి మూడో అధ్యాయం."

"ఇక్కడెందుకు..."

"నేను చదవనా? మూడో అధ్యాయం. గేరు పెట్టె విప్పు పద్ధతి. పద్నాలుగో పేజీలో బొమ్మ కూడా ఉంది. బోల్టులన్నిటికీ నంబర్లు వేసి చూపించారు. ఏ బోల్టు దగ్గర ఆగి, ఆడపిల్ల కావాలంటే ఉప్పు తగ్గించాలి అని చదివారు?"

"ఉప్పు... నీకు బీపీ ఉంది. ఎటూ తగ్గించాల్సిందే కదా అని."

"ఏడాదిగా చప్పిడి కూరలు తిన్నాను. నా కూతురి కోసం తింటున్నాననుకున్నాను. ఒక్కో ముద్దా మింగుతూ, ఫరవాలేదులే, పిల్ల వస్తే దానికి అన్నీ కమ్మగా వండిపెడతాను అనుకున్నాను. నవ్వొస్తోందా?"

"నేను నవ్వట్లేదే."

"పక్కలో పడుకుని ఇంజను పుస్తకం చూస్తూ నాకు కట్టుకథలు చదివారు. నేనేమో మధ్యలో లేచి, మళ్లీ చదవండి, ఆ ముక్క అర్థం కాలేదు అనేదాన్ని. మళ్లీ చదివేవారు. ఒక్క మాట తేడా రాకుండా చదివేవారు. ఎంత బాగా చదివారండీ."

"నేనేమీ నిన్ను మోసం చేద్దామని..."

"మరేం చేద్దామని? మగపిల్లాడు కావాలనుకున్నారా? అదయినా చెప్పండి, కనీసం ఒక కారణం ఉందనుకుంటాను. కాదు. మగపిల్లాడు కావాలంటే ఆ ఇంటూలుండవు. మీకు ఏ పిల్లా వద్దు. వద్దు అని నాకు చెప్పలేదు. నన్నే చెప్పమని నా చేతే తేదీలు చెప్పించుకుని, నాకు ఆడపిల్ల మీదున్న ఆశనే నా చుట్టూ కంచెగా కట్టారు. నాకై నేను దూరంగా జరిగేదాన్ని ఆ రోజుల్లో. గుర్తుందా? ఓసారి మీరే మరిచిపోయి దగ్గరికొస్తే నేనే లేచి కూర్చున్నాను. వద్దండీ, ఇంటూ రోజు, మగపిల్లాడవుతాడు అన్నాను. మీరు నా తల నిమిరి, మంచిదానివి అన్నారు."

"అన్నాను."

"తడిగుడ్డతో గొంతు కోయడమంటే ఇదే కదూ."

"అంత మాటలొద్దు."

"ఇంకా పెద్దవి ఉన్నాయి, నోటికి రావట్లేదు. మిమ్మల్ని మీరు అని పిలవడానికే నోరు రావట్లేదు, బలవంతాన పిలుస్తున్నాను. ఆ లేసు ఎందుకు కొన్నారు?"

"ఏ లేసు?"

"ఈ చార్టు పెట్టిన ఆరో నెలలో. తెల్లది, మధ్యలో చిన్న చిన్న పువ్వులు. గౌనుకి అంచు వేద్దువు, ముందే తెచ్చాను అని నా ఒళ్లో పెట్టారు. నేను గిరాకీల గుడ్డల్లో మిగిలిన ముక్కలన్నీ రేకు పెట్టెలో దాస్తున్నానని మీకు తెలుసు. పువ్వులవి ఒక పక్క, గళ్లవి ఒక పక్క. ఆ పెట్టె మూత తీసి మీ చేత్తో లేసు అందులో పెట్టారు. ఆ పిల్ల రాదని తెలిసిన మనిషి అంగడికి వెళ్లి, నిలబడి, గజం ఎంత అని అడిగి, లేసు ఎలా కొంటాడండీ?"

"నువ్వు ఆ వారమంతా మిషను మీద తల పెట్టుకుని ఏడుస్తున్నావు. నువ్వు సంతోషిస్తావని కొన్నాను."

"సంతోషించాను. చాలా సంతోషించాను. అదే కదా నా బాధ."

"మంచినీళ్లు తాగు. మొహమంతా ఎర్రబడింది."

"నాకు ముప్పై ఎనిమిది నిండుతాయి. ఈ ఒక్క ఏడాదిని ఎక్కడ పెట్టుకుంటారు మీరు? నా ఒంట్లో అట్టే ఏళ్లు లేవని మీకు తెలుసు. తెలిసే జరుపుకుంటూ వచ్చారు. ఇంకో రెండేళ్లు సున్నాలు చుట్టి, ఆపైన, నీ వయసు దాటిపోయింది, రాత అంతే, అనేవారు. అవునా కాదా?"

"అవును."

"ఎవరైనా ఉన్నారా?"

"ఏంటి?"

"ఇంకో మనిషి. టిక్కెట్ల గదిలోనో ఎక్కడో."

"ఛ. నా మొహానికి నువ్వే ఎక్కువ."

"మరెందుకు? ఇల్లు చాలదనా?"

"అదీ ఒకటి. ఉన్న రెండు గదుల్లో..."

"పోయిన ఏడాది మేడ మీద గది వేయించింది మీరే. మీ జీతం పెరిగింది, నా మిషనుకి ఊపిరాడట్లేదు. ఇంకోటి చెప్పండి."

"పెద్దాడికి చదువు..."

"పెద్దాడే అడుగుతున్నాడు చెల్లెలు ఎప్పుడొస్తుందని. ఇంకోటి."

"వదిలేయకూడదా? తప్పయింది. నాదే తప్పు. ఇంటికి పద, అక్కడ మాట్లాడుకుందాం."

"ఇంట్లో మీరు మాట్లాడరు. పద్నాలుగేళ్లుగా చూస్తున్నాను. ఇంటికెళితే తలనొప్పి అంటారు, దుప్పటి కప్పుకుంటారు. అందుకే ఇక్కడికొచ్చాను. ఇక్కడ కుర్చీలోంచి లేచిపోలేరు."

"చెబితే తట్టుకోలేవు."

"తట్టుకోలేనిది ఇంకేం మిగల్చలేదు మీరు."

"ఈ సొరుగు తాళం... ఉండు. ఈ రిజిస్టర్లు పైకి తీయాలి. కింద, అట్టల కవరులో ఉంది. ఇదిగో. కళ్లజోడు ఉందా? నాది తీసుకో."

"ఏంటిది? ఆసుపత్రి కాగితం. ఇది... చిన్నాడు పుట్టిన తారీఖు."

"ఆ రోజుదే."

"మీరే చెప్పండి. ఈ చేతిరాత నాకు అర్థం కాదు."

"చిన్నాడి కాన్పు ఆపరేషన్ కదా. నువ్వు లోపలున్నావు. డాక్టరు బయటికొచ్చి నన్ను వరండా చివరికి తీసుకెళ్లాడు. గోడకి ఆనుకుని నిలబడమన్నాడు. ఎందుకో అనుకున్నాను. గర్భసంచి కుట్లు వేసిన చోట కాగితంలా పల్చబడిపోయిందట. రక్తం చాలా పోయింది, ఎలాగో ఆపాం, మళ్లీ కడుపు వస్తే మాత్రం ఆ కుట్టు నిలవదు అన్నాడు. నెలలు నిండేదాకా కూడా ఆగకపోవచ్చు, ఎప్పుడైనా విడిపోవచ్చు, విడిపోతే బిడ్డా దక్కదు, తల్లీ దక్కదు అన్నాడు. చెప్పామని కాగితం మీద సంతకం పెట్టమన్నాడు. పెట్టాను. ఏదన్నా అను."

"ఇందులో నా సంతకం లేదు."

"నువ్వు స్పృహలో లేవు."

"ఆ తర్వాత ఏడేళ్లు స్పృహలోనే ఉన్నాను కదండీ."

"చెబుదామనే అనుకున్నాను. నీకు మెలకువ రాగానే చెబుదామని మంచం పక్కనే కూర్చున్నాను. కళ్లు తెరిచావు. నువ్వు అన్న మొదటి మాట ఏంటో గుర్తుందా? ఆడపిల్లేనా అన్నావు. మగపిల్లాడు అన్నాను. పోనీలెండి, మూడోసారి మాత్రం ఆడపిల్లే, నాకు తెలుసు అని నవ్వావు. పెదాలు తెల్లగా ఉన్నాయి, నవ్వావు. ఆ నవ్వు మొహం మీద ఎలా చెప్పమంటావు?"

"మర్నాడు చెప్పాలి."

"మర్నాడు జ్వరం."

"నెల తర్వాత."

"చిన్నాడు పాలు తాగట్లేదని ఏడుస్తున్నావు. ఆపైన రోజులు గడిచిపోయాయి. ఎటూ జాగ్రత్తగానే ఉన్నాంగా, చెప్పకపోతేనేం అనుకున్నా. పోయిన ఏడాది నువ్వే వచ్చి, ఇక జాగ్రత్తలొద్దు, నాకు ఆడపిల్ల కావాలి అన్నావు. ఆ రాత్రి నాకు కంటి మీద కునుకు లేదు. పొద్దున లేచేసరికి ఈ చార్టు తట్టింది."

"మీరు ఆపరేషన్ చేయించుకోవచ్చుగా. మగవాళ్లకి చేసేది. పది నిమిషాల పనట."

"రెండుసార్లు వెళ్లాను. ఆసుపత్రి గేటు దాకా వెళ్లాను."

"గేటు దాకా."

"మొదటిసారి మన డిపో కండక్టరు కనిపించాడు, ఏంటి సార్ ఇలా వచ్చారు అన్నాడు. జలుబు అన్నాను. రెండోసారి ఎవరూ కనిపించలేదు. అయినా కాళ్లు రాలేదు. భయం. నామోషీ. ఏదనుకుంటే అది అనుకో."

"నా ప్రాణం మీదికొస్తుందని తెలుసు. అది చేయించుకోవడానికి నామోషీ. నాకు చెప్పడానికి జాలి. ఈ రెంటి మధ్యా పెన్సిల్."

"అవును."

"ఇంకెవరికి తెలుసు?"

"ఎవరికీ..."

"మీ అక్క ఫోన్ చేసిందా అన్నారు ఇందాక."

"అక్కకి తెలుసు. ఆ రోజు ఆసుపత్రిలో ఉందిగా."

"మా అమ్మ కూడా ఉంది ఆ రోజు. మా అమ్మకీ తెలుసా?"

"నేనే ఒట్టు వేయించుకున్నాను. ఆవిణ్ణేమీ అనకు."

"అందుకా, ఆడపిల్ల మాటెత్తితే అమ్మ గిన్నెలు కడగాలని లోపలికి పోయేది. కడిగిన గిన్నెలే మళ్లీ కడిగేది. నా కడుపు సంగతి మా అమ్మకి తెలుసు, మీ అక్కకి తెలుసు, నా పేరు కూడా గుర్తుండని ఆ డాక్టరుకి తెలుసు. నాకొక్కదానికే తెలియదు. అందరూ కలిసి నన్నెంత బాగా చూసుకున్నారండీ."

"నిన్ను పోగొట్టుకుంటానన్న భయం తప్ప ఇంకేమీ లేదు ఇందులో. ఇది నమ్ము చాలు."

"నమ్ముతాను. నమ్మడం నాకు అలవాటేగా."

"అలా అనకు. ఇప్పుడన్నీ చెప్పేశాను. ఏడేళ్లుగా గుండెల మీద ఉన్న బండ దిగింది. ఇక దాచడాలు లేవు. రేపు సెలవు పెడతాను. ఆ గేటు దాటతాను, నువ్వు పక్కనుంటే దాటతాను. ఈ చార్టుని ఇక్కడే చింపేద్దాం."

"రేపు."

"కావాలంటే ఇవాళే. ఎవరైనా నవ్వితే నవ్వుకోనీ. ఆడపిల్లే కావాలంటే, ఎవరూ లేని పిల్లని తెచ్చి పెంచుకుందాం. నిజంగా అంటున్నా. అట్ట వేసిన పుస్తకాలు చదివి కాదు. ఏమంటావు?"

"నేను ఇక్కడికెందుకొచ్చానో తెలుసా మీకు?"

"తిట్టడానికి. తిట్టు, పడతాను."

"కాదు. మీ మొహం చూడటానికి. దారంతా బస్సులో నవ్వుకుంటూ వచ్చాను. పక్కనున్నావిడ ఏంటమ్మా విశేషం అని అడిగింది. చెబుతాను, ముందు మా ఆయనకి చెప్పాలి అన్నాను."

"ఏం చెప్పాలి?"

"నర్సమ్మ నిన్నగాక మొన్న వచ్చిందని నేననలేదండీ. మీరే అనుకున్నారు."

"మరెప్పుడొచ్చింది?"

"పోయిన నెల ఒకటో తారీఖున."

"నెల దాటింది. అప్పుడే ఎందుకడగలేదు నన్ను?"

"మీరు నాకు చెప్పారా? నేనూ చెప్పలేదు. ఆ రాత్రి పుస్తకం అట్ట విప్పి చూసి, మళ్లీ అలాగే వేసి తలగడ కింద పెట్టేశాను. కుట్టుపని చేసేదాన్ని. ఇచ్చిన కొలత అబద్ధమని తెలిస్తే గుడ్డ ఎలా కత్తిరించాలో నాకొకరు చెప్పక్కర్లేదు."

"నాకు అర్థం కావట్లేదు."

"పోయిన నెల తేదీ ఎంతని చెప్పాను మీకు?"

"నాలుగు. నాలుగో తారీఖు. ఇదిగో, రాసుంది. ముందొచ్చిందన్నావు."

"ముందు రాలేదు. వచ్చే రోజుకే వచ్చింది. పన్నెండున."

"లేదు. పన్నెండు అంటే... పన్నెండు చుట్టూ నేను ఇంటూలు పెట్టాను. మనం దూరంగానే ఉన్నాం."

"అవును. మీరు దూరంగా ఉండమన్న రోజుల్లోనే అసలుది వచ్చి పోయింది. మీకు తెలియనేలేదు. చార్టు చూశారు గానీ నన్ను చూడలేదుగా."

"అయితే ఈ సున్నాలు. ఇరవై రెండు నుంచి నెలాఖరు దాకా. ఇవి..."

"లెక్కపెట్టండి. లెక్కలు మీకే బాగా వచ్చు."

"పన్నెండు... ఇరవై రెండు... పదకొండో రోజు, పన్నెండో రోజు, పదమూడు... ఇవన్నీ ఇంటూ రోజులు... నువ్వేం చేశావే? ఏం చేశావు?"

"మీరు చేసిందే. మీకు చెప్పకుండా చేశాను."

"ఉండు. కంగారు పడకు. ఒక్క నెలేగా. ప్రతిసారీ నిలవాలని ఏముంది? చాలామందికి ఏళ్లు పడుతుంది. అసలు తేదీ ప్రకారం ఈ నెల పదో తారీఖున రావాలి. ఇవాళ పద్నాలుగు. వచ్చే ఉంటుంది. వచ్చిందిగా? చెప్పు. ఏ రోజొచ్చింది? చెప్పు, నీకు దణ్ణం పెడతాను, తేదీ చెప్పు."

"ఆ పెన్సిల్ కింద పెట్టండి. పొద్దున పరీక్ష చేసుకున్నాను. ఈ నెల చెప్పడానికి తేదీ లేదండీ."